కైలీ గుమ్మం, హెరాల్డ్ ఇల్లు: మెల్‌బోర్న్‌లో ఒక ‘నైబర్స్’ యాత్ర

మెల్‌బోర్న్ నడిబొడ్డున చిన్న వ్యాన్‌లో ఎక్కించుకొని, తూర్పు శివార్లలోని వెర్మాంట్ సౌత్‌లో ఒక వీధినీ, దానికి దగ్గరలోనే ఉన్న నునావాడింగ్ స్టూడియో ప్రహరీనీ చూపించి, మధ్యాహ్న భోజనం వేళకు తిరిగి దించే సగంపూట యాత్ర ఇది. ‘నైబర్స్’ అనే ఆస్ట్రేలియా సీరియల్ అభిమానుల కోసం ఇటువంటి యాత్రలు ఈ నగరంలో చాలాకాలంగా ఉన్నాయి. మేము వెళ్ళినది సీరియల్ నిర్మాతలతో సంబంధం లేని ఒక చిన్న నిర్వాహకుడు నడిపేది కాబట్టి పేరు అవసరం లేదు. ఈ తరహా యాత్రలకు డబ్బు పెట్టవచ్చా, పెడితే ఏమి చూడాలి, గైడును ఏమి అడగాలి అన్నదే ఇక్కడి విషయం. నా అభిప్రాయం ముందే చెబుతాను. వాహనమూ, సమయపాలనా బాగున్నాయి; వీధి చూడదగినదే; కానీ ఆ వీధిని దశాబ్దాలపాటు నిలబెట్టిన నటుల గురించి, ముఖ్యంగా హెరాల్డ్ బిషప్ పాత్ర వేసిన ఇయన్ స్మిత్ గురించి, యాత్ర చెప్పినది చాలా తక్కువ. టికెట్టు ధరకు తగిన విలువ అక్కడే తగ్గిపోయింది.

సీరియల్ తెలియనివారికి కొంత నేపథ్యం అవసరం. రెగ్ వాట్సన్ రూపకల్పనలో గ్రండీ సంస్థ నిర్మించిన ‘నైబర్స్’ 1985 మార్చి 18న సెవెన్ నెట్‌వర్క్‌లో మొదలైంది. ఆ ఏడాదిలోనే సెవెన్ దాన్ని వదులుకుంటే, పోటీ సంస్థ టెన్ తీసుకొని 1986 జనవరిలో మళ్ళీ మొదలుపెట్టింది. అదే ఏడాది అక్టోబరులో బీబీసీ వన్ ప్రసారం ప్రారంభించడంతో ఆస్ట్రేలియాలో కంటే బ్రిటన్‌లోనే దానికి పెద్ద ప్రేక్షక లోకం ఏర్పడింది. 2008లో బ్రిటన్ ప్రసారం చానెల్ 5కు మారింది. ఆ చానెల్ తప్పుకోవడంతో 2022 జూలై 28న సీరియల్‌కు ముగింపు పలికారు. అమెజాన్ ముందుకు రావడంతో 2023 సెప్టెంబరులో తిరిగి మొదలై, 2025 డిసెంబరులో మళ్ళీ ఆగింది. ఎరిన్స్‌బరో అనే కల్పిత శివారులో రామ్సే స్ట్రీట్ అనే వీధి, ఆరు ఇళ్ళు, వాటిలో మారుతూ ఉండే కుటుంబాలు, ఇదే కథ. మన డెయిలీ సీరియల్ ప్రేక్షకులకు ఈ చట్రం కొత్తదేమీ కాదు. అయితే ఇక్కడ అత్తాకోడళ్ళ వైరం కథకు ఇరుసు కాదు. పక్కింటివారితో చనువు, మాట పట్టింపు, రాజీ, వీటి చుట్టూనే అంతా తిరుగుతుంది.

మా వ్యాన్‌లో పన్నెండు మంది వరకు ఉన్నారు. విజయవాడ నుంచి వచ్చిన మా పిన్నిగారు, నేను తప్ప మిగిలిన వారిలో ఎక్కువమంది బ్రిటన్ నుంచి వచ్చిన పర్యాటకులే. ఇందులో ఆశ్చర్యం లేదు: బడి నుంచి ఇంటికి రాగానే ‘నైబర్స్’ చూస్తూ పెరిగిన తరం వారిది, మెల్‌బోర్న్‌కు వస్తే ఆ వీధికి వెళ్ళడం వారికి ఒక మొక్కు తీర్చుకోవడం. గైడు మాటలూ చమత్కారాలూ కూడా పూర్తిగా వారి జ్ఞాపకాలకు తగినట్లే ఉన్నాయి. సీరియల్ చూడనివారు వ్యాన్‌లో ఉన్నారని తెలిశాకైనా ఆయన ఎవరు ఎవరికి ఏమవుతారో ఒక్కసారి వరుసగా చెప్పి ఉంటే బాగుండేది. వాహనంలో మైకు ఉన్నా వెనక వరుసకు సరిగా వినిపించలేదు. ఇది చిన్న లోపమే అయినా, ప్రయాణమంతా కథ చెప్పడమే సేవగా అమ్ముతున్నప్పుడు చిన్నదని సరిపెట్టుకోవడం కష్టం.

పిన్ ఓక్ కోర్ట్ దగ్గర వ్యాన్ ఆగింది. టీవీలో రామ్సే స్ట్రీట్‌గా కనిపించేది ఇదే. ముందుకు దారిలేని చిన్న వీధి, చివరన గుండ్రంగా వాహనాలు తిరిగే చోటు, దాని చుట్టూ ఇటుక గోడల ఇళ్ళు, ప్రహరీలు లేని పచ్చిక ముంగిళ్ళు. మొదటిసారి చూసేవారికి ఇది ఇంత చిన్నదా అనిపించడం సహజం. కెమెరా కోణాలు దాన్ని అంత విశాలంగా చూపించాయి. సీరియల్లో ఇళ్ళకు 22 నుంచి 32 వరకు సరిసంఖ్యలు ఉంటాయి. నిజానికి ఇవన్నీ మామూలు కుటుంబాలు నివసించే ఇళ్ళు. చిత్రీకరణకు ముంగిళ్ళను, ఇంటి ముఖభాగాలను మాత్రమే వాడుకున్నారు. తలుపు తెరుచుకొని లోపలికి వెళ్ళిన పాత్ర ఆ క్షణం నుంచి నునావాడింగ్ స్టూడియోలోని సెట్‌లో ఉంటుంది. గుమ్మం ఇక్కడ, హాలు అక్కడ. ఈ ఒక్క సంగతిని మా గైడు చక్కగా వివరించాడు: ఏ తలుపు వెనక ఏ సెట్ ఉండేదో, వెలుగు సరిపోయేలా ఎలా చూసుకునేవారో చెప్పాడు. ఆయన తన సంచిలో తెచ్చిన ‘రామ్సే స్ట్రీట్’ నమూనా బోర్డును చేతికిచ్చి అందరికీ ఫోటోలు తీశాడు. ఆకుపచ్చ రంగు ఒక అంచున పెచ్చులూడిన ఆ రేకు బోర్డు కోసం పెద్దవాళ్ళు వరుసలో నిలబడటం చూడముచ్చటగానే ఉంది.

తరువాత ఆయన 24వ నంబరు ఇంటి వైపు చేయి చాపి, ‘ఇదే కైలీ ఇల్లు’ అన్నాడు. అందరి ఫోన్లూ అటు తిరిగాయి. యాత్ర మొత్తంలో ఎక్కువసేపు నిలబడినది ఈ ఇంటి ఎదుటే. తరువాత పాప్ గాయనిగా పేరు పొందిన కైలీ మినోగ్ పోషించిన షార్లీన్ ఈ ఇంటి పిల్లే. పక్కనున్న 26వ నంబరు రాబిన్సన్ల ఇంటి అబ్బాయి స్కాట్‌గా జేసన్ డొనొవన్ నటించాడు. 1987 జూలైలో ఆస్ట్రేలియాలో ప్రసారమైన వారి పెళ్ళిని, 1988 నవంబరులో బ్రిటన్‌లో చూపించినప్పుడు దాదాపు రెండు కోట్ల మంది చూశారు. పెళ్ళి దృశ్యాన్ని గైడు తన టాబ్లెట్‌లో చూపిస్తూ ఉంటే కొందరికి కళ్ళు చెమర్చాయి. ఇందులో తప్పు పట్టవలసినదేమీ లేదు. కానీ షార్లీన్ 1988లోనే ఆ వీధి విడిచి వెళ్ళిపోయింది. ఆమె సీరియల్‌లో ఉన్నది రెండేళ్ళు దాటి కొద్దికాలం మాత్రమే. అదే గుమ్మం గుండా ఆ తరువాత కూడా ఏళ్ళ తరబడి లోపలికీ బయటికీ తిరిగిన మనిషి మరొకడు ఉన్నాడు: షార్లీన్ తల్లి మ్యాడ్జ్‌ను పెళ్ళాడి, ఆమెకు మారుతండ్రి అయిన హెరాల్డ్ బిషప్. ఆ పాత్రధారి ఇయన్ స్మిత్. మా గైడు ఆయన పేరు చెప్పి, ‘కళ్ళజోడు వదిలి సముద్రంలో పోయిన ముసలాయన’ అని నవ్వించి, ముందుకు కదిలాడు.

టాబ్లెట్‌లో ఒక క్షణం కనిపించి మాయమైన ఆ బొద్దు ముఖాన్ని మా పిన్నిగారు గుర్తుపెట్టుకున్నారు. ‘ఆ పెద్దాయన సంగతేమిటి, ఈ ఇంట్లో ఎక్కువకాలం ఉన్నది ఆయనేనా?’ అని నన్ను అడిగారు. నేను గైడును అడిగితే అవునన్నాడు, అంతకు మించి ఏమీ చెప్పలేదు. రోజూ సాయంత్రం రెండు సీరియళ్ళు వదలకుండా చూసే మనిషి కాబట్టి ఆవిడకు ఇది వెంటనే తట్టింది: కథానాయికలు మారుతూ ఉంటారు, ఇంటిని పట్టుకొని ఉండేది పెద్ద పాత్రలే. యాత్ర రూపొందించినవారికి తట్టవలసినది కూడా అదే.

ఇయన్ స్మిత్ 1938 జూన్‌లో పుట్టాడు. గాయకుడిగా, రంగస్థల నటుడిగా మొదలై టీవీకి వచ్చాడు. ఆయనకు మొదట పేరు తెచ్చినది ‘ప్రిజనర్’ అనే సీరియల్. వెంట్‌వర్త్ అనే కల్పిత మహిళా కారాగారంలో జరిగే ఆ కథ 1979 నుంచి 1986 వరకు 692 ఎపిసోడ్లు నడిచింది; దాని రూపకర్త కూడా రెగ్ వాట్సనే. అందులో కారాగార శాఖ ఉన్నతాధికారి టెడ్ డగ్లస్‌గా స్మిత్ నటించాడు. సూటు వేసుకొని, ఫైళ్ళు పట్టుకొని, జైలు పాలకులను నిలదీసే, భావాలు పైకి కనబడనివ్వని మనిషి పాత్ర అది. అంతకంటే ముఖ్యమైన సంగతి, ఆయన ఆ సీరియల్‌కు రచయితగా, స్క్రిప్టు ఎడిటర్‌గా కూడా పనిచేశాడు. డైలీ సీరియల్‌లో నటుడికి ఇది సామాన్యమైన నేపథ్యం కాదు. వారానికి ఐదు అరగంట ఎపిసోడ్లు తయారయ్యే చోట రిహార్సల్‌కు దొరికేది కొద్ది సమయమే. ఒక సన్నివేశం ఎందుకు ఉన్నది, ఏ మాట తరవాతి వారం కథకు పునాది, ఏ మాట కేవలం పూరణకు అన్నది తెలిసిన నటుడు ఆ కొద్ది సమయంలోనే దేనికి ఎంత బరువు ఇవ్వాలో నిర్ణయించుకోగలడు. హెరాల్డ్‌గా స్మిత్ నటనలో నాకు కనిపించేది ఈ లెక్కే. హాస్యపు మాటను ఎప్పుడూ హాస్యంగా అనడు. దాన్ని పూర్తి గాంభీర్యంతో, కొంత నొచ్చుకొని అంటాడు, నవ్వు ఎదుటి పాత్ర ముఖం మీద పుడుతుంది.

1987లో ఆయన హెరాల్డ్‌గా రామ్సే వీధికి వచ్చేసరికి ఆ పాత్ర దాదాపు వేళాకోళానికి పనికొచ్చేదే. మద్యం ముట్టని, శాకాహారి అయిన, ఏ విషయంలోనైనా నీతి చెప్పకుండా ఉండలేని, ట్యూబా అనే పెద్ద ఇత్తడి వాద్యాన్ని ఊదే లావుపాటి మధ్యవయస్కుడు. బార్బెక్యూ పొగ లేనిదే సాయంత్రం గడవని శివారులో శాకాహారి ఎంత హాస్యాస్పదుడో ఊహించుకోవచ్చు. కానీ మ్యాడ్జ్‌గా ఆన్ చార్ల్స్‌టన్ ఎదురుగా నిలబడటంతో ఆ పాత్ర మారింది. ఆమె గొంతు బొంగురు, మాట కరుకు, ఆయనది చాదస్తం. వాళ్ళ పోట్లాటలు చూస్తే ఏ ఇంట్లోనైనా కాస్త వయసు మళ్ళాక దంపతులు ఎలా మాట్లాడుకుంటారో అలాగే ఉంటాయి: గొడవ విషయం తువ్వాలో, టీ కెటిలో అయి ఉంటుంది, కానీ ఇద్దరికీ తెలుసు దాని వెనక ఇంకేదో ఉందని. 1988లో వారి పెళ్ళి జరిగింది. పెద్దవయసు ప్రేమను సాయంత్రపు సీరియల్ అంత కాలం, అంత ఓపికగా చూపించడం అప్పట్లో అరుదు. యువ జంట పెళ్ళి వార్త అయితే, ఈ జంట దాంపత్యం అలవాటు అయింది. అలవాటే సీరియల్‌కు ప్రాణం.

గైడు నవ్వించిన కళ్ళజోడు సంగతి 1991 నాటిది. స్మిత్ సీరియల్ విడిచి వెళ్ళినప్పుడు హెరాల్డ్‌ను సముద్రపు ఒడ్డున రాళ్ళ మీద నుంచి కెరటం ఈడ్చుకుపోయినట్లు రాశారు. మ్యాడ్జ్ తిరిగి చూసేసరికి మనిషి లేడు, కళ్ళజోడు మాత్రం మిగిలింది. శవం దొరకని చావు సీరియల్ రచయితకు తలుపు ఓరగా వేసి ఉంచడమే. 1996లో ఆ తలుపు తెరిచారు: జ్ఞాపకశక్తి పోయిన హెరాల్డ్ సాల్వేషన్ ఆర్మీ అనే క్రైస్తవ సేవాసంస్థలో పనిచేస్తూ, పొరుగింటి పెద్దావిడ హెలెన్ డేనియల్స్ కంటపడ్డాడు. చెప్పుకుంటే ఇది నవ్వు వచ్చే మలుపే, నేనూ నవ్వాను. కానీ స్మిత్ ఆ ఘట్టాన్ని నటించిన తీరు వేరు. తన ఇంటి ముందు నిలబడి దాన్ని గుర్తుపట్టలేని మనిషి మర్యాదగా, కాస్త భయంగా చూసే చూపు ఉంది. ఎదురుగా ఉన్న భార్యకు నొప్పి కలుగుతోందని తెలిసి, ఎందుకో తెలియక క్షమాపణ అడిగే చూపు అది. అసంభవమైన కథను నమ్మించవలసిన బాధ్యత సీరియల్ నటుడి మీద పడినంతగా మరే నటుడి మీదా పడదు. ఈ దృశ్యాన్ని, సరిగ్గా 24వ నంబరు ముంగిట నిలబెట్టి, రెండు నిమిషాలు టాబ్లెట్‌లో చూపించి ఉంటే యాత్ర స్థాయి మారిపోయేది.

ఆ తరువాతి కాలమే ఆయన ఉత్తమ కాలమని నా అభిప్రాయం. 2001లో మ్యాడ్జ్ క్యాన్సర్‌తో మరణించే ఘట్టంతో చార్ల్స్‌టన్ వెళ్ళిపోయింది. విధురుడైన హెరాల్డ్, టామ్ ఆలివర్ నటించిన లౌ కార్పెంటర్‌తో ఒకే ఇంట్లో కాపురం ఉండటం నుంచి సీరియల్‌కు మంచి హాస్యం పుట్టింది. ఒకప్పుడు మ్యాడ్జ్ కోసం పోటీపడిన ఇద్దరు ముసలివాళ్ళు కాఫీ కప్పు ఎవరు కడగాలన్న దాని మీద కీచులాడుకోవడం అది. 2005లో ఆస్ట్రేలియాకూ టాస్మేనియా దీవికీ మధ్యనున్న బాస్ జలసంధి మీద విమాన ప్రమాదంలో కొడుకు కుటుంబాన్ని పోగొట్టుకున్న తండ్రిగా ఆయన మెత్తదనం విరిగిపోయి కోపంగా మారిన ఘట్టాలు ఆ తరవాత వచ్చాయి. హెరాల్డ్‌కు క్యాన్సర్ సోకినట్లు కథ నడిపి 2009 ఫిబ్రవరిలో పాత్రను వీధి నుంచి సాగనంపారు. అక్కడి నుంచి 2011, 2015, 2022, 2023లలో అవసరం పడినప్పుడల్లా తిరిగి పిలిచారు. ముగింపు అనుకున్న 2022 ఎపిసోడ్‌లో కైలీ, జేసన్ కారులో వచ్చి కొద్దిసేపు కనబడటం పత్రికలన్నింటికీ ఎక్కింది. హెరాల్డ్ వచ్చిన సంగతి అభిమానులు చెప్పుకున్నారు.

కెమెరా బయట ఆయన జీవితం మలుపుల్లో సీరియల్‌కు తీసిపోలేదు, అయితే దాన్ని ఆయన ఎన్నడూ ప్రచారానికి వాడుకోలేదు. యాభై ఏళ్ళు దాటాక గానీ తాను దత్తుపోయిన బిడ్డనని ఆయనకు తెలియలేదు. ఆ తరువాత కన్నతల్లిని వెతికి కలుసుకున్నాడు. 2019లో భార్య మరణించింది. 2024 డిసెంబరులో తనకు నయంకాని ఊపిరితిత్తుల క్యాన్సర్ ఉన్నదని ఆయనే టీవీ ఇంటర్వ్యూలో చెప్పి, సీరియల్ నుంచి సెలవు తీసుకున్నాడు. అప్పటికి ఆయన వయసు 86. ఇదంతా బహిరంగంగా ఉన్న సమాచారమే, దాచవలసినదీ వెతకవలసినదీ కాదు. వ్యాన్‌లో వెళ్ళే దారి పొడవునా కైలీ పాటలు వినిపించడానికి ఉన్న సమయంలో కొంత దీనికి కేటాయించడం ఏ గైడుకైనా సాధ్యం.

వీధి తరువాత నునావాడింగ్. ఒకప్పటి టెన్ స్టూడియోల ప్రాంగణం అది. మా నిర్వాహకుడికి లోపలికి తీసుకువెళ్ళే అనుమతి లేదు, ఆ సంగతి టికెట్టు కొనే పేజీలో చిన్న అక్షరాలలో ఉన్నది. కొనేటప్పుడే స్పష్టంగా చెప్పి ఉండవలసింది. మాతో వచ్చిన ఒక జంట లోపలి సెట్లు చూస్తామనే ఆశతో వచ్చారు. హెరాల్డ్ పేరు మీదే ఉన్న ‘హెరాల్డ్స్ కెఫె’ ముందు ఫోటో దిగాలని వాళ్ళ కోరిక. ప్రహరీ బయట నిలబడి చెట్ల సందుల్లోంచి చూడటంతో వాళ్ళు తృప్తిపడవలసి వచ్చింది. ఇటువంటి యాత్ర బుక్ చేసుకునేవారు ‘స్టూడియో సందర్శన’ అన్న మాట కనబడితే, లోపలికా బయటినుంచా అని ఫోన్ చేసి అడగడం మంచిది.

అయినా ఈ మజిలీ వ్యర్థమని నేను అనను, ఎందుకంటే ఈ స్థలానికి మరో చరిత్ర ఉంది. ‘ప్రిజనర్’లో వెంట్‌వర్త్ జైలుగా కనిపించిన భవనం ఈ స్టూడియోదే. అంటే ఇయన్ స్మిత్ అధికారిగా నటించిన జైలూ, కథలు రాసిన చోటూ, తరువాత హెరాల్డ్‌గా కాఫీ అందించిన హోటలు సెట్టూ ఒకే ప్రహరీలో ఉన్నాయి. మ్యాడ్జ్‌గా మారకముందు ఆన్ చార్ల్స్‌టన్ కూడా ‘ప్రిజనర్’లో చిన్న పాత్రలు వేసింది. ఒక నటుడి ఉద్యోగ జీవితంలో ఎక్కువ భాగం, ఒక గుమాస్తా ఒకే కార్యాలయానికి వెళ్ళివచ్చినట్లు, ఈ ఒక్క ఆవరణలో గడిచింది. ఆస్ట్రేలియా సీరియల్ నటన అంటే ఏమిటో దీనికంటే స్పష్టంగా చూపించే స్థలం మరొకటి లేదు. కైలీ మినోగ్, గై పియర్స్, మార్గో రాబీ వంటివారికి ఇది గడప. దాటి లండన్‌కో, హాలీవుడ్‌కో వెళ్ళిపోయారు, ఆ కథే అందరూ చెబుతారు. గడప దాటకుండా ఇంట్లోనే ఉండి ఇల్లు నడిపిన స్మిత్, అలన్ ఫ్లెచర్, జాకీ వుడ్‌బర్న్ వంటివారి కథ చెప్పడానికి ఈ ప్రహరీ చాలు, లోపలికి వెళ్ళనవసరం కూడా లేదు. మా గైడు ‘ప్రిజనర్’ సంగతి ఒక వాక్యంలో చెప్పాడు, స్మిత్‌తో దానికి ఉన్న ముడి మాత్రం చెప్పలేదు.

మనవాళ్ళకు ఆసక్తి కలిగించే మరొక సంగతి కూడా వదిలేశాడు. మెల్‌బోర్న్ పశ్చిమ శివార్లలో, టార్నీట్, పాయింట్ కుక్ వైపు, ఇవాళ తెలుగు వినబడని వీధి అరుదు. కానీ రామ్సే వీధికి ఒక భారతీయ కుటుంబం రావడానికి 2011 దాకా పట్టింది. సచిన్ జోబ్, మెనిక్ గూనరత్నె దంపతులుగా నటించిన కపూర్ కుటుంబం అది, ఎక్కువకాలం నిలవలేదు. తరువాత దీపి పాత్రలో నటించిన షారన్ జోహల్ 2021లో సెట్‌లో తనకు ఎదురైన జాతివివక్ష గురించి బహిరంగంగా మాట్లాడింది. వేడుక యాత్రలో ఇవి చెప్పడం ఇబ్బందే కావచ్చు, కానీ పక్కింటివారి గురించిన సీరియల్‌లో పక్కింట్లోకి ఎవరిని రానిచ్చారు అన్నది పక్క విషయం కాదు.

డబ్బు సంగతికి వస్తే, వీధి మాత్రమే చూడాలనుకునేవారికి వ్యాన్ అవసరం లేదు. నగరం నుంచి 75వ నంబరు ట్రామ్ నేరుగా వెర్మాంట్ సౌత్ దాకా వస్తుంది. ప్రయాణం గంటకు పైగా పడుతుంది, అక్కడి నుంచి పిన్ ఓక్ కోర్ట్ నడిచి వెళ్ళగలిగినంత దూరంలోనే ఉంది. వీధి ప్రజలదే, వెళ్ళడానికి ఎవరి అనుమతీ అక్కరలేదు. అయితే ముంగిళ్ళ పచ్చిక మీదికి ఎక్కడం, తలుపులు తట్టడం, కిటికీల వైపు కెమెరా పెట్టడం తగదు. దశాబ్దాలుగా ఆ ఇళ్ళవారు చూపిన ఓర్పును మనం పరీక్షించనక్కరలేదు. ఈ విషయంలో మా గైడు నిక్కచ్చిగా ఉన్నాడు, గుంపును కాలిబాట దాటనివ్వలేదు, ఒక ఇంటివారు కారు బయటికి తీస్తుంటే అందరినీ పక్కకు జరిపి చేయి ఊపాడు. ఆయనలో నాకు బాగా నచ్చినది అదే.

వ్యాన్ సౌకర్యంగా ఉంది, సీటుబెల్టులు, చల్లదనం, మంచినీళ్ళు అన్నీ సరిగా ఉన్నాయి, చెప్పిన సమయానికి ఎక్కించుకొని చెప్పిన సమయానికి దించాడు. మోకాళ్ళ నొప్పి ఉన్న మా పిన్నిగారికి ట్రామ్, నడక కంటే ఇదే సుఖం. కాబట్టి పెద్దవాళ్ళతో వెళ్ళేవారికీ, ‘నైబర్స్’ చూసి పెరిగిన స్నేహితులను వెంటబెట్టుకొని వెళ్ళేవారికీ దీన్ని సిఫారసు చేస్తాను. సీరియల్ ఎన్నడూ చూడనివారు వెళ్ళే ముందు హెరాల్డ్, మ్యాడ్జ్‌ల పాత ఎపిసోడ్లు రెండు మూడు వెతికి చూసి వెళ్ళడం మంచిది. లేకపోతే అది ఇటుక ఇళ్ళున్న ఒక శుభ్రమైన వీధిగానే కనిపిస్తుంది. ఐదుకు మూడు చుక్కలు ఇస్తున్నాను. 24వ నంబరు ఇంటి ముందు ‘ఇది కైలీ ఇల్లు’ అన్న తరువాత మరో పది నిమిషాలు ఆ ఇంటి యజమాని గురించి మాట్లాడటం మొదలుపెట్టిన రోజు నాలుగోది కూడా సంతోషంగా కలుపుతాను.